నాయనమ్మ వేసిన రెండు దావాలు

ఆ రోజుల్లో మా వైపు ఒక మనిషికి పరువుందా లేదా అన్నది అతనికి ఎన్ని పేషీలున్నాయో చూసి తేల్చేవారు. పేషీ అంటే కోర్టు వాయిదా. "రేపు నాకు పేషీ ఉన్నది" అని ఎవరైనా అంగట్లో కాస్త గట్టిగా అంటే చాలు, చుట్టూ ఉన్నవాళ్లు నోట్లోని చుట్ట తీసి మరీ వినేవారు. ఉతికిన ధోవతి, తలకు కొత్త రుమాలు, కిర్రుచెప్పులు, చంకలో కాగితాల మూట... పెళ్లికి పోయేవాడికి కూడా అంత సింగారం ఉండేది కాదు. గెలవడం, ఓడడం తర్వాతి సంగతి. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడన్న సామెత మా ఊళ్లో అందరికీ వచ్చు. వచ్చి కూడా వెళ్లేవారు. ఇప్పటి పిల్లలకు ఇదంతా చెబితే నవ్వుతారు. నవ్వనివ్వండి. ముందు ముందు ఇంకా నవ్వుతారు, ఎందుకంటే ఈ కథలో అందరికంటే పెద్ద తెలివితక్కువవాడిని నేనే.

అవి నిజాం సర్కారు చివరి రోజులు. అదాలతుల్లో, అంటే కోర్టుల్లో, రాతకోతలన్నీ ఉర్దూలోనే. మా ఊరు త్రిపురారం పక్కన. ఇప్పుడు కాలువ నీళ్లొచ్చి ఎటు చూసినా వరే గానీ, అప్పుడు జొన్న, ఆముదం, చెరువు దయతలిస్తే కాస్త వరి. ఆ ఊళ్లో ఉర్దూ మిడిల్ పరీక్ష పాసైన మొదటివాడిని నేను. (రెండోసారి రాస్తే పాసయ్యాను. ఆ సంగతి ఊళ్లో ఎవరికీ తెలియదు, మీరూ అనకండి.) ఇరవై ఏళ్ల వయసు, సర్కారు నౌకరీ కోసం పెట్టిన అర్జీలకు జవాబులు రాక ఇంటి పట్టునే ఉండేవాడిని. ఊళ్లో ఎవరికి సమను వచ్చినా, ఎవరు అర్జీ రాయించుకోవాలన్నా నా దగ్గరికే వచ్చేవారు. అందరూ నన్ను "మున్షీ" అని పిలిచేవారు. నా దస్తూరీ ముత్యాల్లా ఉండేది. రాసినదాని అర్థం మాత్రం సగం నాకు తెలిసేది, మిగతా సగం దేవుడికి తెలిసేది.

ఇక మా నాయనమ్మ. ఆవిడ పుట్టిల్లు సూర్యాపేట దగ్గర ఒక పల్లె. పెళ్లిలో వాళ్ల నాయన పసుపు కుంకుమ కింద ఆవిడకు పొలం గట్టు మీది చింతచెట్టును ఇచ్చాడు. కాగితమూ లేదు, ముద్రా లేదు, పందిట్లో పదిమంది ముందు చెప్పిన మాట. తల్లిదండ్రులు పోయాక ఆవిడ తమ్ముడు, అంటే మా కోదాడ తాత, భార్య తరపు భూమి చూసుకోవడానికి కోదాడకు మారిపోయాడు. పాత పొలం కౌలుకిచ్చినా చెట్టును మాత్రం మరవలేదు. ఏటా కామునిపున్నం దాటాక వచ్చి, చెట్టు దులిపించి, పండు ఒలిపించి, తానే బండి తోలుకుంటూ రెండు రోజులు ప్రయాణం చేసి మా ఇంట్లో దిగేవాడు. మూడు రోజులుండేవాడు. ఆ మూడు రోజులూ అక్కాతమ్ముళ్లిద్దరూ చిన్నప్పుడు ఎవరి తప్పుకు ఎవరు అమ్మ చేత దెబ్బలు తిన్నారన్న విషయం మీద పొద్దున్నుంచి పొద్దుగూకేదాకా పోట్లాడుకునేవారు. నాయనమ్మ సర్వపిండి కాల్చి కాల్చి పెట్టేది. ఆయన ఉప్పు తక్కువైందని అంటూనే తినేవాడు. బండి వెళ్లిపోయాక ఆవిడ వారం రోజులు ఎవరితోనూ సరిగ్గా మాట్లాడేది కాదు. ఇంకో మాట కూడా మీకు చెప్పాలి. మా పొలం గట్ల మీద మావే మూడు చింతచెట్లుండేవి. మా ఇంట్లో చింతపండుకు కొరత ఏనాడూ లేదు.

అలాంటిది ఒక ఏడాది బండి వచ్చింది గానీ తాత రాలేదు. జీతగాడు ఒక్కడే తోలుకొచ్చాడు. మోకాళ్ల నొప్పులని చెప్పమన్నాడట. నాయనమ్మ ముందు కంగారుపడి, తింటున్నాడా, తిరుగుతున్నాడా అని ఆరా తీసింది. ఆ జీతగాడు లోకం తెలియని మనిషి. మొన్ననే జాతరకు కూడా పోయి వచ్చాడమ్మా అని సంతోషంగా చెప్పాడు. అంతే. ఒక్క గంప కూడా దించనివ్వలేదు ఆవిడ. జాతరకు పోయిన మోకాళ్లు అక్క ఇంటికి రాలేవా అని అడిగి, చింతపండు లేకపోతే మేమేం చావమని చెప్పి, బండిని ఉన్నదున్నట్టు తిప్పి పంపింది. తాతదీ అదే నెత్తురు కదా. ఆ పండంతా కోదాడలో ఇంటింటికీ పంచిపెట్టి, చెట్టు తన పొలంలో ఉంది కాబట్టి తనదేనని కబురు చేశాడు. అయితే అదాలతులోనే తేలుద్దామంది నాయనమ్మ. మా నాయన నాలుగు రోజులు నచ్చజెప్పి చూశాడు. మొండివాడు రాజుకంటే బలవంతుడంటారు. మొండిదాని సంగతి ఏ సామెతలోనూ లేదు.

సూర్యాపేటలో ఒక పెద్ద వకీలు దగ్గరికి ఆవిడను తీసుకువెళ్లింది నేనే. ఆయన ఎప్పుడూ పాన్ నములుతూ ఉండేవాడు కాబట్టి మేము పాన్ వకీలు అనుకునేవాళ్లం. చెట్టు వాదిదని తేల్చాలి, ఏటా పండు వాదికి చేర్చాలి అని ఆయన నా చేత దావా రాయిస్తుంటే నాయనమ్మ మధ్యలో అడ్డుపడింది. ప్రతివాది స్వయంగా తెచ్చివ్వాలని రాయమంది. వకీలు పాన్ ఉమ్మేసి వచ్చి మరీ ఆవిడకు విడమరిచి చెప్పాడు. అమ్మా, అదాలతు చెట్టు ఇప్పించగలదు, పండు ఇప్పించగలదు, తమ్ముణ్ని అక్క ఇంటికి పంపలేదు. ఆ అధికారం పైన హైదరాబాదులో ఉన్న పెద్ద అదాలతుకు కూడా లేదు.

"గా మాట లేకుంటే నాకు దావనే వద్దు" అంది నాయనమ్మ.

వకీలు నావైపు చూశాడు. నేను నేలచూపులు చూశాను. చివరికి ఆయన "బజాతే ఖుద్" అని, అంటే స్వయంగా అని, ఒక మాట చేర్పించాడు. ఆ మాటను నేను మిగతా అక్షరాలకంటే కాస్త పెద్దగా, నిండుగా రాశాను.

మొదటి పేషీ నాడు మేము వెళ్లేసరికే అదాలతు వరండాలో బెంచీకి ఒక కొసన కోదాడ తాత కూర్చుని ఉన్నాడు. చేతిలో కర్ర. నాయనమ్మ చూసీ చూడనట్టు వెళ్లి రెండో కొసన కూర్చుంది. మధ్యలో నేను. ఇద్దరికీ మాటల్లేవు. కానీ వాది ప్రతివాదిని ఏమీ అడగకుండా ఎంతసేపు ఉండగలదు? మోకాళ్లకు ఆముదం రాస్తున్నారేమో అడుగు మున్షీ అనేది. నేను నోరు తెరవకముందే, రాస్తన్నానని చెప్పబ్బాయ్ అనేవాడు ఆయన. (ఆయన మాట అప్పటికే కోదాడ నీళ్లు తాగి కాస్త ఆంధ్ర వైపు ఒరిగింది. అది కూడా నాయనమ్మకు ఒక బాధ.) పన్నెండు గంటలకు ఆవిడ సద్ది మూట విప్పింది. రొట్టెలు మూడు వాటాలు వేసింది. ఒకటి తనకు, ఒకటి నాకు. మూడోది బెంచీ మధ్యలో పెట్టి, ఈడ కుక్కలు గిట్ల ఉంటె తింటయిలే అని అటు తిరిగి కూర్చుంది. ఆ వరండాలో కుక్కలు లేవు. కాసేపటికి చూస్తే రొట్టె కూడా లేదు. ఉప్పు తక్కువైందని చెప్పబ్బాయ్ అని మాత్రం వినిపించింది.

చప్రాసీ మూడుసార్లు పేర్లు పిలిచాడు. లోపలికి వెళ్లి చేతులు కట్టుకుని నిలబడ్డాం. ప్రతివాది తరపు జవాబు ఇంకా తయారు కాలేదట. మూడు నెలలకు వాయిదా. మొత్తం కలిపి రెండు నిమిషాలు కూడా పట్టలేదు. బయటికి వచ్చేటప్పుడు నాయనమ్మ ముఖం కళకళలాడుతోంది. బస్సెక్కాక మాత్రం వేళ్లు ముడిచి లెక్కపెట్టుకుంది. (అప్పుడవి బొగ్గుతో నడిచే బస్సులు. మనుషులకంటే వాటికే ఆయాసం ఎక్కువ.)

"మూడు నెలలంటే మస్తు దినాలాయె మున్షీ. నడుమల ఇంకో పేషీ పెట్టించుకోరాదా?" అని అడిగింది.

సరిగ్గా అక్కడే నా తెలివి నిద్రలేచింది. మంచి వకీలును అడిగినా, మా నాయనను అడిగినా తిట్టి ఊరుకునేవారు. ఆవిడ అడిగింది నన్ను. పెట్టించుకోవచ్చు నాయనమ్మా, మిర్యాలగూడలో కూడా అదాలతు ఉంది కదా అన్నాను. చెట్టున్నది సూర్యాపేట తాలూకాలో. కానీ పండు చేరవలసిన ఇల్లు మిర్యాలగూడ తాలూకాలో. కాబట్టి అక్కడ ఒక దావా, ఇక్కడ ఒక దావా. ఇదంతా నేను బస్సు కుదుపుల్లో పెద్ద న్యాయకోవిదుడిలా వివరించాను. ఆవిడ నా తల నిమిరి, చదువుకున్నోడు చదువుకున్నోడే అంది. ఆ తలలో ఏముందో ఆవిడకు తెలియదు.

మిర్యాలగూడలో ఒక చిన్న వకీలును పట్టుకున్నాం. మనిషి మంచివాడు, కానీ ఎప్పుడూ ఎవరో తరుముతున్నట్టు ఉండేవాడు. సూర్యాపేట సంగతి ఆయనకు చెప్పలేదు. ఈయన సంగతి పాన్ వకీలుకు చెప్పలేదు. ఈయన గడగడా చెప్పుకుపోతుంటే నేను రాసుకున్నాను. ఆఖర్న ప్రతి దావాలోనూ ఉండే వాక్యం ఒకటి ఉంటుంది. "యే తగాదా కిసీ ఔర్ అదాలత్ మే జేరె తజవీజ్ నహీఁ హై." ఈ తగాదా మరే కోర్టులోనూ విచారణలో లేదు అని. తర్వాత ఇంటి దగ్గర కూర్చుని సాపు ప్రతి రాస్తుంటే ఆ వాక్యం దగ్గర నాకొక చిక్కు వచ్చిపడింది. నా దస్తూరీలో పంక్తులన్నీ కొలిచినట్టు ఒకే పొడవున ఉండాలి. ఆ వాక్యం ఒక్క మాట మేర బయటికి పొడుచుకు వస్తోంది. "హై" తీసేస్తే వాక్యం నిలవదు. "లేదు" అనే ఆ "నహీఁ" తీసేస్తే చక్కగా సరిపోతుంది. చిన్న మాటే కదా అని తీసేశాను. పైగా అది ఎలాగూ అబద్ధమే, అబద్ధం రాసిన పాపం కూడా తప్పుతుందనుకున్నాను. ఈ రెండింటిలో ఏది ముందు తోచింది, ఏది తర్వాత తోచిందని మీరు నన్ను గట్టిగా నిలదీస్తే నేను చెప్పలేను.

ఇలా తయారైన కాగితం మీద నాయనమ్మ వేలిముద్ర వేసింది, వకీలు చూడకుండానే సంతకం పెట్టాడు, అదాలతు గుమాస్తా పేష్కారు చూడకుండానే ముద్ర గుద్దాడు. ఆ వాక్యం అందరికీ కంఠతా వచ్చినదే కాబట్టి ఎవరూ చదవలేదు. సమను కోదాడకు వెళ్లింది. రెండో దావా చూసి తాత మండిపడతాడనుకున్నాం. ఆయన మాత్రం ఆ పేషీకి కూడా కర్ర పట్టుకుని వచ్చి బెంచీ కొసన కూర్చున్నాడు. ఇక చూడండి, నెలన్నరకోసారి అక్కడో ఇక్కడో పేషీ. మూడో వాటా రొట్టె, లేని కుక్క, ఉప్పు తక్కువ. రెండు చోట్లా ప్రతివాది జవాబు మాత్రం ఎప్పటికీ తయారు కాలేదు. ఒకసారి ఆయన వకీలుకు జ్వరం, ఇంకోసారి కాగితాలు ఎలుకలు కొట్టాయి. ఏ అదాలతులో అడిగినా తీర్పు చెప్పే హాకిం విసుగ్గా వాయిదా వేసేవాడు. ఆ వాయిదాలకు సంతోషించే వాదిని నేను మా నాయనమ్మను తప్ప మరొకరిని చూడలేదు.

అంతలో ఆ గడబిడ రోజులు వచ్చాయి. మా జిల్లాలో ఆ ఏడాది ఎలా గడిచిందో తెలిసినవాళ్లకు నేను చెప్పనక్కరలేదు, తెలియనివాళ్లకు నవ్వుతూ చెప్పగలిగింది కాదు. బస్సులు ఆగిపోయాయి. అదాలతులు మూతపడ్డాయి. ఊళ్లో ఎవరి భయాలు వాళ్లవి. కోదాడ వైపు నుంచి మనిషి వచ్చాడంటే నాయనమ్మ పరుగున వెళ్లేది. ముందు బియ్యం ధర అడిగేది, తర్వాత వానలు అడిగేది, ఆఖరికి ఎవరూ అడగమనకుండానే, మా దావల ఉన్న ముసలాయన ఒకాయన ఉండాలె, ఉన్నడా అని అడిగేది. ఉన్నాడని వింటే లోపలికి వెళ్లిపోయేది. ఏడాదికి పైగా అలా ఆవిడ ఆయనను చూడలేదు. నాకు చెట్టు మీద ఏమాత్రం పట్టింపు లేకపోయినా, ఒక్క పేషీ పడితే బాగుండునని అప్పుడు నిజంగా అనిపించింది.

పోలీసు యాక్షన్ అయ్యాక నెమ్మదిగా అదాలతులు తెరుచుకున్నాయి. పాత దావాలన్నిటికీ కొత్త తేదీలు వేశారు. రెండు చోట్ల నుంచీ మాకు కాగితాలు వచ్చాయి. నేను ఒకటి చదివాను, రెండోది చదివాను, మళ్లీ మొదటిది చదివాను. సూర్యాపేట పేషీ, మిర్యాలగూడ పేషీ ఒకే రోజు. వాది రాకపోతే దావా కొట్టేస్తారు. రెండు పడవల మీద కాళ్లు పెట్టడమంటే ఏమిటో సామెతలో చదవడమే గానీ అప్పుడే అర్థమైంది. చివరికి ఒక చోటికి ఆవిడ మా నాయనతో వెళ్లేట్టు, రెండో చోటికి ఆవిడ తరపు ముఖ్తారుగా నేను వెళ్లేట్టు ఏర్పాటు చేసుకున్నాం. మిర్యాలగూడ మాకు దగ్గర, పొద్దున బండి కడితే మధ్యాహ్నానికి చేరతాం. కాబట్టి ముసలావిడ అక్కడికి వెళ్లాలి. కానీ నాయనమ్మ వినలేదు, సూర్యాపేటకే పోతానంది.

"కోదాడోళ్లకు సూర్యాపేటనే దగ్గర. కాళ్లనొప్పులోడు ఏటికవతల మిర్యాలగూడెం దాంక ఎట్లొస్తడు?" అంది.

సర్వపిండి మూట కట్టుకుని ముందురోజే బయలుదేరింది. మర్నాడు నేను కాగితాల మూటతో మిర్యాలగూడ అదాలతుకు వెళ్లాను. వరండాలో బెంచీ కొసన కోదాడ తాత కూర్చుని ఉన్నాడు. సగానికి సగం చిక్కిపోయాడు. రెండు బస్సులు మారి, మధ్యలో మూసీ నడిచి దాటి వచ్చాడట. ధోవతి అంచులకు ఇంకా తడి ఆరలేదు. నా వెనక్కు చూశాడు. ఎవరూ లేరు.

"మీ నాయనమ్మేదబ్బాయ్?"

సూర్యాపేటకు పోయిందని చెప్పాను. ఆయన చాలాసేపు కర్రతో నేల మీద గీతలు గీస్తూ కూర్చున్నాడు.

"దానికి ఇదేగా దగ్గరా. ముసల్ది అంత దూరం ఏం పోతుందిలే అని నేను ఇటొచ్చా" అన్నాడు.

ఇద్దరూ ఒకరి ముసలితనం ఒకరు తలచుకుని, ఒకరి దారికి ఒకరు అడ్డం తగలకుండా చక్కగా తప్పిపోయారు. దీనంతటికీ మూలం నా బస్సు తెలివి. ఆ బెంచీ మీద ఆయన పక్కన కూర్చుంటే నా మీద నాకే సిగ్గేసింది.

లోపల హాకిం కొత్తగా వచ్చినాయన. పాతవాళ్లకు లేని ఒక దురలవాటు ఆయనకుంది. దావా మొత్తం చదువుతాడు. కళ్లద్దాలు సర్దుకుంటూ నా ముత్యాల దస్తూరీ ఒక్కొక్క పంక్తే చదువుతూ వచ్చి, ఆఖరి వాక్యం దగ్గర ఆగాడు. మళ్లీ చదివాడు. తర్వాత పైకి చదివాడు. "ఈ తగాదా మరో అదాలతులో విచారణలో ఉంది." మా చిన్న వకీలుకు నోట్లో పచ్చి వెలక్కాయ పడ్డట్టయింది. ఏ అదాలతు అని హాకిం అడిగాడు. వకీలు నన్ను చూశాడు. సూర్యాపేట హుజూర్ అన్నాను. అక్కడ పేషీ ఎప్పుడు అని అడిగాడు. ఈరోజే హుజూర్ అన్నాను. అప్పటిదాకా కునుకు తీస్తున్న పేష్కారు కూడా లేచాడు. ఇది రాసింది ఎవరని హాకిం అడిగాడు. జైలు ఎలా ఉంటుందో, అక్కడ జొన్నరొట్టె పెడతారో లేదో అన్నంత దూరం నా ఆలోచన పోయింది. చేయెత్తాను. హాకిం నన్ను ఎగాదిగా చూసి, తాను ఇన్నేళ్లుగా కొన్ని వందల దావాల్లో ఈ వాక్యం చూశాననీ, అందులో నిజం రాసిన మొదటి మనిషిని నేనేననీ అన్నాడు. అందరూ నవ్వారు. అది మెచ్చుకోలు కాదని నాకు ఆలస్యంగా తెలిసింది. దావా ఖారిజ్, అంటే కొట్టివేత.

కాగితం కట్టేయబోతూ ఆయన తాతను చూసి, ఈ చెట్టు నిజంగా ఎవరిదని ఊరికే అడిగాడు. ప్రతివాదికి ఉర్దూ రాదు. వాది తరపున వచ్చిన నేనే ప్రతివాది మాట తర్జుమా చేయవలసి వచ్చింది. చెట్టు మా అక్కదేనండి, మా నాయన పెళ్లిపందిట్లో నా ముందరే ఇచ్చాడండి అన్నాడు తాత. మరి ఆ ముక్క ఇన్నేళ్లూ జవాబులో ఎందుకు రాయలేదని హాకిం గద్దించాడు.

"రాస్తే దావా అయిపోద్దని మా వకీలు చెప్పాడండి. దావా అయిపోతే ఇంక పేషీ ఎక్కడుంటదండి?"

నేను దాన్ని ఉర్దూలోకి మార్చి చెప్పాను. ఆ రోజు నా ఉర్దూలో ఒక్క తప్పు కూడా దొర్లలేదు. హాకిం కళ్లద్దాలు తీసి తుడుచుకుని, తర్వాతి పేర్లు పిలవమన్నాడు.

కోదాడ వైపు బస్సు మర్నాటిదాకా లేదు. ఇంటికి పోదాం రా తాతా అన్నాను. మీ నాయనమ్మ రమ్మందా అని అడిగాడు. అర్జీలోనే రాసుంది తాతా, స్వయంగా రావాలని అన్నాను. ఈ దావా కొట్టేశారుగా అన్నాడు. సూర్యాపేటది ఇంకా బతికే ఉందన్నాను. ఆయన నవ్వుతూ లేచి నా భుజం పట్టుకున్నాడు. బండిలో ఆ పూటంతా మా అక్కకు నమలడానికి పండ్లున్నాయా, రాత్రి నిద్ర పడతందా అని అడుగుతూనే ఉన్నాడు.

మర్నాడు మధ్యాహ్నం నాయనమ్మ దిగింది. ఒళ్లంతా దుమ్ము, చేతిలో విప్పని మూట. అంతదూరం పోతే మనిషి జాడే లేదని వాకిట్లోంచే మా నాయనను సాధిస్తూ వచ్చింది. (తర్వాత మా నాయన చెప్పాడు. ప్రతివాది రాలేదు కాబట్టి ఏకపక్షంగా తీర్పు మనకే ఇప్పిస్తానని పాన్ వకీలు అన్నాడట. తమ్ముడు లేకుండ నాకెందుకని ఆవిడే వాయిదా అడిగించిందట.) అరుగు దాటి లోపలికి రాగానే మంచం మీద తమ్ముడు కనిపించాడు. ఆవిడ అక్కడే నిలబడిపోయింది. తర్వాత నావైపు తిరిగింది.

"మున్షీ, వచ్చినాయన తిన్నడా అడుగు."

"తినలేదని చెప్పబ్బాయ్."

నేను చెప్పలేదు. నా దావా కొట్టేశారు, నా ముఖ్తారు పని అయిపోయింది, ఇక మీరూ మీరూ మాట్లాడుకోండి అన్నాను. నాయనమ్మ మూట కింద పెట్టింది. దగ్గరికి వెళ్లి తమ్ముడి మోకాలి మీద చెయ్యి వేసింది.

"ఏంది తమ్మీ, గిట్ల ఎండిపోయినవ్?" అంది.

నాకు కళ్లలో నీళ్లు తిరిగి, ఎద్దులకు గడ్డి వేసే మిషతో బయటికి వచ్చేశాను. మళ్లీ లోపలికి వెళ్లేసరికి ఆవిడ మూట విప్పి ఉంది, ఆయన ఉప్పు గురించి ఏదో అంటున్నాడు, ఆవిడ తిరిగి ఏదో అంటోంది. మూడు రోజులనుకున్న మనిషి పదకొండు రోజులున్నాడు.

ఇక రాజీకి రావడమే తరువాయి అని పాన్ వకీలు కాగితం కూడా సిద్ధం చేశాడు. ఇద్దరూ వద్దన్నారు. చింతపండు మళ్లీ ఏటా బండిలో వస్తూనే ఉంది, సూర్యాపేట దావా నడుస్తూనే ఉంది. పేషీ నాడు వాది, ప్రతివాది పక్కపక్కన కూర్చుని ఒకే మూటలోంచి తినేవారు. చప్రాసీకి కూడా ఒక వాటా పెట్టేవారు. అలా ఇంకో రెండేళ్లు గడిచాయి. ఒక వానాకాలంలో కోదాడ తాత నాలుగు రోజుల జ్వరంతో పోయాడు. తర్వాతి పేషీ నాడు, ప్రతివాది చనిపోయాడు కాబట్టి ఆయన కొడుకులను దావాలో చేర్చాలన్నాడు వకీలు. నాయనమ్మ తల అడ్డంగా ఊపింది.

"దావ వాని మీద. వాని కొడుకుల మీద నాకేం దావ? కొట్టెయ్యమను" అంది.

కొట్టేశారు. నాయనమ్మ ఆ తర్వాత ఎప్పుడూ సూర్యాపేట వెళ్లలేదు.

ఇప్పుడు నాకు ఆవిడ అప్పటి వయసు దాటిపోయింది. నాకు ఒక చెల్లెలుంది, హుజూర్‌నగర్‌లో ఉంటుంది. పొద్దున బయలుదేరితే మధ్యాహ్నం భోజనానికి చేరేంత దూరం. మేమిద్దరం ఎన్నడూ పోట్లాడుకోలేదు, మా మధ్య ఏ తగాదా లేదు. అందువల్ల చూసుకుని నాలుగేళ్లయింది. పండగలకు ఫోన్లు, బాగున్నావా అంటే బాగున్నా, అంతే. పోయిన నెల ఉత్తరాలు వెతుకుతుంటే నా మున్షీ రోజుల నాటి సాపు ప్రతుల కట్ట ఒకటి దొరికింది. ఏం తోచిందో, కూర్చుని చెల్లెలికి ఒక కార్డు రాశాను. "నీ పెళ్లిలో నువ్వు పట్టుకుపోయిన పెద్ద ఇత్తడి గంగాళం నాకు రావలసింది. వారం లోపల స్వయంగా తెచ్చి అప్పగించకపోతే అదాలతుకు వెళ్లవలసి ఉంటుంది." కింద సంతకం పెట్టి, పూర్తి పేరు రాశాను.

నాలుగో రోజు పొద్దున ఇంటి ముందు ఆటో ఆగింది. గంగాళం లేదు. ముసలితనంలో అన్నకు మతి పోయిందని వీధంతా వినపడేట్టు అరుస్తూ, మోకాళ్లు పట్టుకుని, మా చెల్లెలు ఒక్కొక్క మెట్టే ఎక్కి వస్తోంది.